ఒకే క్యాసెట్టు

ఆదోనిలో పత్తి బేళ్ళ గోడౌను మీద
రేకుల గది, అదే మా స్టూడియో.
గోడకు మేకులు కొట్టి నీలం దుప్పటి కట్టినాము.
వార్తలు మొదలయ్యే ముందు ఫ్యాను ఆపాల,
లేకుంటే ఊరంతా దాని కిర్రుకిర్రే వింటాది.

రేషను కార్డులో ఆమె పేరు హులిగెమ్మ.
"ఆ పేరు టీవీలో ఎట్లుంటాది ప్పా"
అన్నాడు ఓనరు రుద్రగౌడు.
సాయంత్రం ఏడుకు హేమలత అయ్యేది.
ఏడుంబావుకు మళ్ళీ హులిగెమ్మై
చెప్పులు చేతబట్టుకుని ఇనప మెట్లు దిగేది.

తొంబై నాలుగు నుంచి రెండువేల ఒకటి దాకా.
నెలకు ఆరొందలు. దసరాకు ఒక చీర,
అదీ చీరలంగడి పేరు మూడుసార్లు చదివితేనే.

పత్తి క్వింటాలు ఇంత, శెనక్కాయ ఇంత.
మూడో వార్డుకు కుళాయి నీళ్ళు రేపు.
తప్పిపోయిన ఎనుము, కొమ్ము విరిగినది.
దొరికిన తాళాల గుత్తి.
సచ్చిపోయినోళ్ళ పేర్లకు మాత్రం
గొంతు ఒక మెట్టు కిందికి దించేది,
అది ఎవరూ నేర్పలేదు.

తెల్లారి మార్కెట్టులో ఆడోళ్ళు పట్టుకునేవాళ్ళు:
"నీళ్ళు రేపంటివి, బిందెలు పెట్టుకుని కూసుంటిమి,
యాడొచ్చినాయమ్మా?"
"నేను సదివేదాన్ని, ఇడిసేదాన్ని కాదు"
అనేది, వంకాయలు ఏరుకుంటా.
అంగడాయన ఒకటి ఎక్కువేసేవాడు, తూకం చూడకుండా.
ఆమెకు దక్కిన పేరుప్రతిష్ఠలు
దాదాపు అంతే, వంకాయ సైజు.

ఒక ఎండాకాలం, పిల్లోడు తప్పిపోయినాడు.
ఇమామ్ వలీ. ఏడేండ్లు. ఆకుపచ్చ నిక్కరు,
కుడి మోకాలికి కట్టు.
మూడు దినాలు ఉచితంగా చదివించినాడు రుద్రగౌడు.
నాలుగో దినం, "చాలు, నూనె మిల్లోళ్ళ ప్రకటన ఉంది."
ఆమె నూనె మిల్లు చదివింది.
కాగితం బల్ల మీద బోర్లా పెట్టింది.
కెమెరాలోకి, అంటే నా కంట్లోకి, సూటిగా చూసి
చూపిచ్చే కాగితం లేకుండా
"ఇమామ్ వలీ. ఏడేండ్లు" అని మొదలుపెట్టింది.
పదకొండు దినాలు అట్లా.
వార్తలు దినమూ టైము దాటేవి,
రుద్రగౌడు కింద స్కూటరు హారను కొట్టేవాడు.
పన్నెండో దినం చదవలేదు.
దొరికినాడా అని నేను అడగలేదు.
ఫోకసు సరిచేసుకుంటా ఉండిపోయినాను.

ఒక మాట చెప్పాల. మాకు ఉండింది ఒకటే టేపు.
నిన్నటి మీద ఇయ్యాల, ఇయ్యాలటి మీద రేపు.
ఏడేండ్ల ఆమె కొలువంతా కలిపి
పావుగంట మందం.

హైదరాబాదోళ్ళు వచ్చి వైర్లు కొన్యారు.
మా మనిషిని కొనలేదు.
ఆఖరి రాత్రి అది ఆఖరి రాత్రని తెలీక
"రేపు ఇదే వేళకు" అనింది,
నేను లైటు తీసేసినాను.

టేపు నా ట్రంకు పెట్టెలో బూజు పట్టింది.
మొన్న కర్నూలులో ఒకాయన తుడిచి, ఫోనులోకి ఎక్కించిచ్చినాడు.
మంచు కురిసినట్టు గీతలు, నడుమ ఆమె,
పత్తి ధర, రేపు ఇదే వేళకు, నలుపు.
ఆపబోయినాను. ఆగలేదు అది.
ఆ రాత్రి వార్తలు తొందరగా అయిపోయినట్టుంది,
దాని కింద చెరగని పాత తోక ఒకటి మిగిలింది.
"...కాలికి కట్టు. కనబడితే చెప్పండి."
తర్వాత మాటలేదు. కొంగుతో మెడ తుడుచుకుని
"ఫ్యానెయ్యి ప్పా, ఉడికిపోతాండా."

ఎమ్మిగనూరు రోడ్డులో ఆమెది జెరాక్సు అంగడి.
పోయి చూపిచ్చినాను.
అద్దాలు నుదుటి మీదికి తోసి, ఫోను దూరం పట్టుకుని
రెండుసార్లు చూసింది.
జిరాక్సు మిషను ఎవరిదో ఆధారు కార్డును
ఒకదాని వెనక ఒకటి కక్కుతా ఉంది.

"ఆ కమ్మలు నావి కావు" అనింది.
"మేడమీది సరోజక్కవి.
తిరిగిచ్చినానో లేదో."